లోవలక్ష్మి పేరుతో వచ్చిన ఒకే ఒక్క నవల

లోవలక్ష్మి రాసిన డిటెక్టివ్ నవలల మీద చాలాకాలం ఆమె పేరు లేదు. విక్రాంత్ అని ఉండేది. నిజానికి విక్రాంత్ అనే మనిషే లేడు. రాజమండ్రి కోటగుమ్మం దగ్గర ప్రెస్సు నడిపే చంద్రరావు గారు తన పాకెట్ నవలల కోసం పెట్టుకున్న పేరది. ఆమెకి ముందు ఆ పేరుతో ఒక రిటైరైన రైల్వే గుమస్తా రాసేవాడు. రాస్తున్న నవలలో హత్య జరిగి, చేసిందెవరో ఇంకా తేలకముందే ఆయన పక్షవాతం వచ్చి మంచాన పడ్డాడు. అప్పటికి లోవలక్ష్మి ఆ ప్రెస్సులో ప్రూఫులు దిద్దుతోంది. తొంభై రెండో, తొంభై మూడో సంవత్సరం.

"ముందు భాగమంతా మీరు చదివారు కదమ్మా. ఏదో ఒకటి చేసి ముగించండి. ఒకటో తారీఖుకి బస్టాండుల్లో ఉండాలి పుస్తకం," అన్నారు చంద్రరావు గారు.

ఆమె సెలవు పెట్టి ఇంట్లో కూచుని, ఎవరూ అనుమానించని వంటమనిషి చేత నేరం ఒప్పించి కథ ముగించింది. పుస్తకం బాగా పోయింది. ఆ తర్వాతి నెల నుంచి విక్రాంత్ ఆమే. పగలు ప్రూఫులు, సాయంత్రం హత్యలు. జీతం మాత్రం ప్రూఫులు దిద్దే మనిషిదే. కానీ ఆమె దాని గురించి గొడవపడలేదు. రాస్తున్నంతసేపూ తను రాజమండ్రిలో ఉన్నట్టే ఉండేది కాదు, అది చాలనుకుంది.

విక్రాంతుడంటే పరాక్రమం కలవాడని ఆమెకి తెలుసు. వాళ్ళ నాన్న భాస్కరం గారు జగ్గంపేట హైస్కూల్లో తెలుగు మాస్టారు. ఎవరింటికి భోజనానికి వెళ్ళినా అక్కడున్న పిల్లల పేర్లడిగి, వాటికి అర్థాలు చెప్పి, తప్పు పలికిన తల్లిదండ్రులను దిద్ది వచ్చేవారు. అలాంటాయన తన కూతురికి మాత్రం పేరు ఎంచుకోలేకపోయారు. పిల్ల నిలబడితే అమ్మవారి పేరు పెట్టుకుంటామని ఆయన భార్య తుని దగ్గర తలుపులమ్మ లోవలో మొక్కుకుంది. స్కూల్లో పిల్లలు లోవా లోవా అని పల్లెటూరి పేరని వెక్కిరిస్తుంటే ఆమె ఏడుస్తూ ఇంటికి వచ్చేది. "లోవంటే రెండు కొండల నడుమ చోటమ్మా. నీళ్ళు దిగేది అక్కడికే," అనేవారు నాన్న. ఆమెకు అది ఓదార్పుగా ఉండేది కాదు.

రూతు పరిచయమైంది నర్సింగ్ హోములో. లోవలక్ష్మికి అపెండిసైటిస్ ఆపరేషన్ అయినప్పుడు కట్లు మార్చడానికి వచ్చిన నర్సు ఆమె. నరసాపురం అవతల ఊరు, నల్లగా, పొడుగ్గా, తక్కువ మాట్లాడే మనిషి. డిశ్చార్జి అయ్యాక కుట్లు విప్పించుకోవడానికి ఒకసారి వెళ్ళాల్సినచోట లోవలక్ష్మి చాలాసార్లు వెళ్ళింది. మూడోసారో నాలుగోసారో రూతు ఆమె పొట్ట మీది మచ్చ చూసి, "ఇది ఎప్పుడో మానిపోయిందండి. ఇక మీరు ఊరికే కూడా రావచ్చు," అంది. ఆ ఏడాది చివరికి ఇద్దరూ ఆర్యాపురంలో మాణిక్యాంబ గారింటి వెనక వాటా అద్దెకు తీసుకున్నారు. చూసేవాళ్ళకి పెళ్ళికాని ఉద్యోగస్తులు ఇద్దరు అద్దె పంచుకుంటున్నారు, అంతే. తలుపు వేశాక వాళ్ళు ఆలుమగలు ఉన్నట్టే ఉన్నారు. ఒకే మంచం, ఒకే కంచం, ఒకరి మీద ఒకరికి ఆశ, కోపం, చిరాకు, అన్నీ. ఆ మాట మాత్రం ఇద్దరిలో ఎవరూ పైకి అనలేదు. ఏ మాట అనాలో తెలియదు కూడా.

మాణిక్యాంబ గారు పెద్దావిడ, భర్త పోయి చాలాకాలమైంది. ఇంట్లో నీచు వండకూడదని ఒక్క షరతు పెట్టింది. రూతుకి చేపలంటే ప్రాణం, అయినా సరేనంది. ఆవిడకి డిటెక్టివ్ నవలల పిచ్చి. వరండాలో కూచుని విక్రాంత్ నవల చదువుతూ, ప్రెస్సు నుంచి వచ్చిన లోవలక్ష్మిని ఆపి కథంతా చెప్పేది.

"ఈయన ఆడవాళ్ళ సంగతి ఎంత బాగా రాస్తాడో చూడమ్మా. అప్పచెల్లెళ్ళ మధ్యలో పెరిగుంటాడు."

"అయ్యుండచ్చండి," అనేది లోవలక్ష్మి, చెప్పులు విప్పుతూ.

పాత్రలకి పేర్లు పెట్టడమే ఆ పనిలో ఆమెకి మిగిలిన సరదా. మనిషి స్వభావానికి సరిపడే అర్థమున్న పేరు దొరికేదాకా మొదటి పేజీ మొదలుపెట్టేది కాదు. హంతకుల దగ్గరే చిక్కు. దేవుళ్ళ పేర్లు పెడితే పాఠకులు ఒప్పుకోరు, ఫలానా కులంలో ఎక్కువగా వినిపించే పేరు పెడితే ఆ కులంవాళ్ళు ప్రెస్సుకి వస్తారు. అందుకని చంద్రరావు గారు ముందే చెప్పేశారు, రాబర్ట్, పీటర్, లిల్లీ, జాకీ, ఇలాంటివి అయితే ఏ ఇబ్బందీ ఉండదని. లోవలక్ష్మి అలాగే రాసుకుంటూ పోయింది. ఒకరోజు రూతు కూర తరుగుతూ అడిగింది.

"లోవా, నీ హంతకులందరికీ మావాళ్ళ పేర్లేనేం?"

"చంద్రరావు గారు అలా పెట్టమంటారు."

"ఆయన అంటారు సరే. రాసేది నువ్వు కదా."

 కూర పొయ్యి మీద పడేసి స్నానానికి వెళ్ళింది.  తర్వాతి నవలలో లోవలక్ష్మి హంతకుడికి సుదర్శనం అని పేరు పెట్టింది. చూడ్డానికి బాగుండేవాడని దాని అర్థం. చంద్రరావు గారు కొంచెం గొణిగారు గానీ వేసేశారు. ఎవరూ ప్రెస్సుకి రాలేదు.

అలా కొన్నేళ్ళు గడిచాక ఆమె అపర్ణ, వనజ అని ఇద్దరు ఆడవాళ్ళను పుట్టించింది. అపర్ణ డిటెక్టివ్, వనజ డాక్టరు. శవాన్ని వనజ చూస్తుంది, బతికున్నవాళ్ళను అపర్ణ చూస్తుంది. వాళ్ళు పాఠకులకి నచ్చారు. రెండు మూడు నవలలయ్యాక ఒకదాని చివర్లో వనజ తన పెట్టె, పుస్తకాలు రిక్షాలో వేసుకుని అపర్ణ ఇంటికి వచ్చేసినట్టు రాసింది. అంతకుమించి ఏమీ రాయలేదు. "నా మంచం ఇరుకు," అంటుంది అపర్ణ. "నేను లావు కాదుగా," అంటుంది వనజ. అక్కడితో నవల అయిపోతుంది.

ప్రూఫులు ఆమె బల్ల మీదికే వచ్చాయి. చివరి పేజీ మారిపోయి ఉంది. అందులో వనజకి ఇన్స్పెక్టర్‌తో పెళ్ళవుతోంది, అపర్ణ అక్షింతలు వేస్తోంది. లోవలక్ష్మి కాగితాలు పట్టుకుని చంద్రరావు గారి గదిలోకి వెళ్ళింది.

ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. మంచి మనిషే. ఆమెకు జ్వరం వస్తే ఇంటికి పళ్ళు పంపిన మనిషి. "మీరేం తప్పు రాశారని కాదమ్మా. వనజకి పెళ్ళెప్పుడని పాఠకులు అడుగుతున్నారు. ఆడపిల్లను అలా వదిలేస్తే పుస్తకం పూర్తయినట్టుండదు."

"వదిలేయలేదండి. ఇంటికే వచ్చింది కదండీ."

ఆయనకి అర్థమైందో లేదో ఆమెకి ఎప్పటికీ తెలియలేదు. ఆయన కిటికీలోంచి రోడ్డు వైపు చూసి, "ఈసారికి ఇలా పోనివ్వండి," అన్నారు. ఆమె తన బల్ల దగ్గరికి వచ్చి కూచుంది. కొత్తగా చేర్చిన పేరాలో అక్షింతలు అన్న మాట తప్పు పడింది. దిద్దింది. మంగళసూత్రంలో ఒక సున్నా ఎగిరిపోయింది. అదీ దిద్దింది. ఇంటికి వెళ్ళి రూతుకి చెబుదామనుకుంది గానీ, రూతు డబుల్ డ్యూటీ చేసి వచ్చి కూచున్నచోటే నిద్రపోయింది.

తర్వాత టీవీ సీరియళ్ళు ఊళ్ళను పట్టేశాయి. బస్టాండు బడ్డీల్లో నవలలున్నచోట చిప్స్ ప్యాకెట్లు వేలాడాయి. అద్దెకు పుస్తకాలిచ్చే షాపులు సీడీ షాపులయ్యాయి. చంద్రరావు గారు ఒకరోజు ఆమెను పిలిచి పిల్లల పేర్ల పుస్తకం రాయమన్నారు. అర్థాలతో సహా, అక్షరక్రమంలో. హిందువులవే కాదు, క్రైస్తవుల పేర్లు, ముస్లిముల పేర్లు కూడా. ఎవరి మీదా కక్ష లేదని ఆయన నవ్వారు.

లోవలక్ష్మి తండ్రి పోయి అప్పటికి రెండేళ్ళు. ఆయన నిఘంటువులు తెచ్చుకుని కూచుంది. తెలియని క్రైస్తవ పేర్లకు రూతు వెళ్ళే చర్చి పాస్టరు గారిని అడిగింది. ఆ పని చేస్తుంటే ఆమెకు మొదట బాగానే ఉంది, పోనుపోను నీరసం వచ్చింది. మగపిల్లల పేర్లన్నీ గెలిచేవాడు, ఏలేవాడు, వెలిగేవాడు. ఆడపిల్లల పేర్లన్నీ ఎవరికో ఇష్టమైనది, ఎవరికో భార్య, ఎవరి గుండెలోనో ఉండేది. వరసగా రాస్తూ ఉంటే చెయ్యి నొప్పి పుట్టింది.

"నా పేరుకి ఏం రాశావు?" అనడిగింది రూతు, తల దువ్వుకుంటూ.

"తోడు అని."

"తోడంటే? పాలల్లో వేసేదా?"

"అదీ తోడే. అది పడితేనేగా పాలు పెరుగయ్యేది."

రూతు చాలాసేపు నవ్వింది. ఆమె అంతలా నవ్వడం అరుదు. మరునాడు ప్రసవాల వార్డులో బాలింతలకు కూడా చెప్పి నవ్వించిందట.

పేర్ల పుస్తకం విక్రాంత్ నవలలన్నిటికంటే ఎక్కువ అమ్ముడుపోయింది. దాని మీద ఎవరి పేరూ లేదు. రూతు పనిచేసే వార్డులోనే తలగడల కింద కనిపించేది. నవలలు మాత్రం మూలబడ్డాయి. రెండువేల మూడులో చంద్రరావు గారు ఆ వరసే ఆపేయాలని నిర్ణయించుకున్నారు.

"చివరిది మీ ఇష్టమొచ్చినట్టు రాయండమ్మా. నేను ఒక్క అక్షరం ముట్టుకోను. మీ పేరు వేస్తాను," అన్నారు. కాస్త ఆగి, "అప్పుడు ఆ పేజీ మార్చి ఉండకూడదు," అన్నారు.

లోవలక్ష్మి ఇంటికి వచ్చి ఈ సంగతి చెబితే రూతు సంతోషించలేదు. అన్నం వడ్డించి ఎదురుగా కూచుంది.

"మనం ఈ ఊళ్ళో ఉండాలి కదా."

"అయితే వద్దా?"

"రాయి. కానీ నన్ను అడిగి రాయకు. అడిగితే వద్దంటాను."

ఆమె అడగలేదు. వేసవంతా రాసింది. అపర్ణకి నడివయసు వచ్చింది. వనజ పెళ్ళి పెటాకులై తిరిగి వచ్చింది. కాకినాడ పోర్టులో ఒక హత్య. ఇద్దరూ కలిసి దాన్ని తేల్చారు. మధ్యలో ఒకచోట వనజ అపర్ణను ముద్దు పెట్టుకుంది. ఆ వాక్యాన్ని లోవలక్ష్మి ఎన్నిసార్లు కొట్టేసి ఎన్నిసార్లు రాసిందో ఆమెకే తెలియదు. చివరికి మామూలు వాక్యంగా, హత్యల గురించి రాసినంత మామూలుగా రాసి వదిలేసింది. అట్ట మీద లోవలక్ష్మి అని పడింది. చంద్రరావు గారు మాట తప్పలేదు.

ఆ నవల గురించి ఎవరూ పత్రికల్లో రాయలేదు, ఎవరూ ధర్నా చేయలేదు. వేసిన కాపీలే తక్కువ. కానీ అందులో ఒకటి మాణిక్యాంబ గారి వరండాలోకి చేరింది. ఆవిడ రెండు రోజుల పాటు లోవలక్ష్మిని ఆపి కథ చెప్పలేదు. మూడోరోజు పిలిచింది.

"విక్రాంత్ నువ్వేనా?"

"అవునండి."

"అనుకోవాల్సింది." ఆవిడ పుస్తకాన్ని ఒళ్ళో పెట్టుకుని అట్ట మీద చెయ్యి రాసింది. "హంతకుడిని నేను కనిపెట్టలేకపోయాను. బాగా రాశావు. మా అబ్బాయి గణేష్‌బాబు కూడా చూశాడు పుస్తకం. వాటా అవసరమంటున్నాడమ్మా."

"ఆయన విశాఖపట్నంలో ఉంటారు కదండీ."

"అవసరమంటున్నాడు," అంది ఆవిడ మళ్ళీ, ఆమె మొహం చూడకుండా. సామాను రిక్షా ఎక్కించే రోజున ఆవకాయ జాడీ తెచ్చి రూతు చేతిలో పెట్టింది. రూతు తీసుకుంది గానీ థాంక్సు చెప్పలేదు.

రాజమండ్రిలో రెండు మూడుచోట్ల ఇళ్ళు చూశారు. ఇద్దరు ఆడవాళ్ళా, మీవాళ్ళెవరూ లేరా అని ఇదివరకు అడగని ప్రశ్నలు అడిగారు, లేకపోతే వాళ్ళకే అలా వినిపించిందేమో. చివరికి కడియంలో, నర్సరీల మధ్య, లారీలు ఆగే రోడ్డు పక్కన రేకుల ఇల్లొకటి దొరికింది. లోవలక్ష్మి అక్కడే ఒక డీటీపీ సెంటర్లో పెళ్ళి శుభలేఖలు దిద్దే పనికి కుదిరింది. రూతు రోజూ రాజమండ్రికి బస్సు. నర్సింగ్ హోములో హెడ్ నర్సు ఆమెను ప్రసవాల వార్డు నుంచి తీసి ఓపీలో వేసింది. కారణం చెప్పలేదు. పిల్లల్ని ఎత్తుకోకుండా రోజంతా చీటీలు రాయడం రూతుకి చేతకాలేదు. ఇంటికి వచ్చి ముభావంగా ఉండేది. తిట్టినా బాగుండేది అనుకునేది లోవలక్ష్మి. రూతు తిట్టలేదు. ఇక్కడ చేపలు వండుకోవచ్చు కదా అంటే, "ఓపిక లేదు," అనేది.

అలా ఒక ఏడాది నడిచింది. ఒకరోజు మధ్యాహ్నం కాలేజీ బ్యాగులు తగిలించుకుని ఇద్దరు అమ్మాయిలు వచ్చారు. ముందున్న పిల్ల తన పేరు ఫణిశ్రీ అంది, ఆ వెనక నిలబడ్డ పిల్ల నాగదుర్గ. రామచంద్రపురంలో డిగ్రీ ఆఖరు సంవత్సరం. పుస్తకం మీదున్న అడ్రసు చూసి చంద్రరావు గారి దగ్గరికి వెళ్తే ఆయన ఈ ఇల్లు చెప్పారట. ఫణిశ్రీ చేతిలో నవల అట్ట చిరిగి, గమ్ముతో అతికించి ఉంది.

"ఇలాంటివి ఇంకేమైనా రాశారాండి?"

"లేదమ్మా. ఇదొక్కటే."

"ఇంకెవరైనా రాశారాండి?"

"నాకు తెలిసి డిటెక్టివ్ నవలల్లో లేరు."

ఆ పిల్ల మొహం వాడిపోయింది. చెప్పడానికి ఇంకేమైనా ఉంటే బాగుండునని లోవలక్ష్మికి అనిపించింది. ఇంత దూరం బస్సు మారి వచ్చినవాళ్ళకి ఇవ్వడానికి మంచినీళ్ళు తప్ప ఏమీ లేదు ఆమె దగ్గర. నాగదుర్గ అంతసేపూ గుమ్మం వైపే చూస్తోంది. ఇంట్లో సంబంధాలు చూస్తున్నారని, ఇద్దరూ ఎటైనా వెళ్ళిపోదామనుకుంటున్నారని ఫణిశ్రీ చెప్పింది.

"మనలాంటివాళ్ళని ఏమంటారండి?" అనడిగింది తర్వాత. "మీరు రచయిత్రి కదా."

"తెలుగులో నాకు తెలిసినవన్నీ తిట్లమ్మా. పేపరువాళ్ళు ఒక పొడుగు మాట వాడతారు. అది పోలీసు కేసులా ఉంటుంది. ఇంగ్లీషులో లెస్బియన్ అంటారు. అది ఎక్కడో సముద్రం మధ్య ఒక దీవి పేరు నుంచి వచ్చిందట. నా నోటికి అది తిరగదు. అందుకే నవలలో ఏ మాటా వాడలేదు."

"మీరు ఏమనుకుంటారండి, మీలో మీరు?"

లోవలక్ష్మి జవాబు వెతుక్కుంటుండగానే రూతు వచ్చింది. తలనొప్పిగా ఉందని ముందే బయల్దేరిందట. గుమ్మంలో చెప్పులు, పిల్లల మొహాలు, గమ్ము అట్టల పుస్తకం, అన్నీ ఒకసారి చూసింది.  మళ్ళీ ఏం తెచ్చిపెట్టావని అంటుందనుకుంది లోవలక్ష్మి.

"అన్నం తిన్నారా?" అనడిగింది రూతు.

లేదన్నారు. రూతు చీర కూడా మార్చుకోకుండా కొంగు దోపుకుని నాలుగు కోడిగుడ్లు పగలగొట్టి ఉల్లిపాయలేసి కూర చేసింది. పిల్లలు ఆవురావురుమని తిన్నారు. తింటూ తింటూ ఫణిశ్రీ తలెత్తింది.

"ఆ డాక్టరు వనజ మీరేనాండి?"

అడిగింది రూతుని. ఏడాదిగా రూతు ఆ పుస్తకం పేరెత్తలేదు. చదివిందో లేదో కూడా చెప్పలేదు.

"నేను నర్సునమ్మా," అంది రూతు, ఆ పిల్ల కంచంలో ఇంకాస్త కూర వేస్తూ. "డాక్టరంటే పుస్తకం పోతుందని అలా రాసింది. మిగతాదంతా నేనే."

తిన్నాక పిల్లలిద్దరూ చాప మీద పడి నిద్రపోయారు. ఎన్నాళ్ళ నుంచి సరిగా పడుకోలేదో. వాళ్ళు లేచాక, పరీక్షలు రాయకుండా ఎటూ వెళ్ళవద్దని రూతు గట్టిగానే చెప్పింది. చేతిలో డిగ్రీ, ఉద్యోగం లేకుండా ఇల్లు వదిలితే ఎవరూ అద్దెకు కూడా ఇవ్వరంది. నాగదుర్గ అప్పుడు మొదటిసారి మాట్లాడింది. "పరీక్షల దాకా ఆగరండి మావాళ్ళు," అంది.  లోవలక్ష్మి, రూతు వాళ్ళని బస్సు ఎక్కించి వచ్చారు.

ఆగలేదు కూడా. నాగదుర్గకి పరీక్షలకి ముందే, ఆ మాఘంలోనే పెళ్ళి చేశారు, ద్రాక్షారామం సంబంధం. ఫణిశ్రీ పరీక్షలు రాసింది. కాకినాడలో ఒక కంప్యూటర్ సెంటర్లో పాఠాలు చెప్పే పని దొరికింది. ఈ సంగతులన్నీ ఇంటి పక్క నర్సరీ ఆఫీసుకి ఫోన్ చేసి లోవలక్ష్మికి చెప్పింది. ఏడవలేదు. ఏడుపు అయిపోయినవాళ్ళ గొంతులా ఉంది.

"మీ నవల దుర్గకి ఇచ్చేశానండి. అక్కడ దాచుకుందో పారేసిందో తెలీదు. ఇంకొకటి దొరుకుతుందాండి?"

చంద్రరావు గారు ప్రెస్సు అమ్మేశారు. మిగిలిన కాపీలు చిత్తు కాగితాల లెక్కన పోయాయి. లోవలక్ష్మి దగ్గర తనదొక్కటే ఉంది. పంపిస్తానంది.

ఆ సాయంత్రం రూతు వచ్చి వేడినీళ్ళలో కాళ్ళు పెట్టుకుని కూచుంది. మధ్యలో లారీలు వెళ్తుంటే రేకులు అదురుతున్నాయి. ఆమె పాదాలు వాచి ఉన్నాయి, ఈమధ్య రోజూ వాస్తున్నాయి. లోవలక్ష్మి కింద కూచుని పాదాలు పిసుకుతూ ఫోన్ సంగతి చెప్పింది.

"పోస్టులో ఎందుకు పంపడం," అంది రూతు కళ్ళు మూసుకునే. "ఆదివారం రమ్మను. చేపలు తెస్తాను."

"ఓపికుందా నీకు?"

"లేదు. నువ్వు తోముదువుగాని చేపలు."

లోవలక్ష్మికి చేపలు తోమడం రాదు. ఎప్పుడూ ముట్టుకోలేదు. సరేనని, నీళ్ళు చల్లారిపోతే ఇంకో చెంబుడు వేడినీళ్ళు తేవడానికి లేచింది.